ఓడకు ఊతం: ఏలూరు కాలువ గట్టు నుంచి ఒక సమీక్ష

పెదపాడు మండలం మీదుగా ఏలూరు చేరే కాలువకు 2008 నవంబరు నుంచి పెద్ద హోదా ఉంది. అది నాలుగో జాతీయ జలమార్గంలో ఒక భాగం. కాకినాడ నుంచి పుదుచ్చేరి దాకా కాలువలు, భద్రాచలం నుంచి రాజమహేంద్రవరం దాకా గోదావరి, వజీరాబాద్ నుంచి విజయవాడ దాకా కృష్ణ, అన్నీ కలిపి నాటి లెక్కలో 1,078 కిలోమీటర్లు. అందులో విజయవాడ, ఏలూరు, రాజమహేంద్రవరాలను కలిపే ఏలూరు కాలువ వాటా 139 కిలోమీటర్లు. హోదా వచ్చిన తరవాత ఈ కాలువలో సరుకు పడవల రాకపోకలు మాత్రం మొదలు కాలేదు. నీళ్ళు పొలాలకు పోతున్నాయి, తాగునీటి చెరువులకు పోతున్నాయి. గుర్రపుడెక్క పేరుకుంటోంది.

అదే మండలంలో కాలువ దిగువకు, కొల్లేటి వైపు వెళితే చేపల చెరువులు, రొయ్యల చెరువులు. చేప ఐసు పెట్టెల్లో లారీలెక్కి బెంగాల్ వైపు, అస్సాం వైపు పోతుంది. వనామి రొయ్య దారి వేరు. ప్రాసెసింగ్ ప్లాంటులో గడ్డకట్టి, చల్లదనం నిలిపే రీఫర్ కంటైనర్‌లో రేవు చేరి, సముద్రం దాటి అమెరికాకో చైనాకో వెళుతుంది. ఆ కంటైనర్ ఎక్కే ఓడ మీద మన జెండా కనబడడం చాలా అరుదు.

గట్టు పక్కన పడవ లేని కాలువ, సముద్రం మీద మనది కాని ఓడ. ఈ రెండింటి వెనకా రెండు ప్రభుత్వ సంస్థలున్నాయి. ఒకటి ముంబయిలోని నౌకాయాన డైరెక్టరేట్ జనరల్, అందరూ డీజీ షిప్పింగ్ అనేది దాన్నే. రెండోది నోయిడాలోని అంతర్దేశీయ జలమార్గాల అథారిటీ. దేశానికి ఓడలూ పడవలూ సమకూరేలా చూడడం వీటి పనుల్లో ఒకటి. ఆ పని ఎంతవరకు జరిగింది, జరగనిచోట అడ్డమేమిటి అన్నది ఈ వ్యాసం విషయం. నా అభిప్రాయం ముందే చెబుతాను. ఓడ నడవడానికి మూడు కావాలి: ఎక్కించుకోవడానికి సరుకు, కట్టుకోవడానికి తక్కువ వడ్డీకి అప్పు, పోవడానికి దారి. ఈ మూడూ కలిపి ప్రభుత్వం ఏదైనా ఒక సంస్థ చేతిలో పెట్టినప్పుడు ఓడలు వచ్చాయి. నియమాల పుస్తకం ఒక్కటే చేతికిచ్చినప్పుడు రాలేదు.

ఓడ కట్టడం మన తీరానికి కొత్త కాదు. 17వ శతాబ్దంలో కోరమాండల్ తీరం మొత్తానికి ఓడలు కట్టే పెద్ద కేంద్రం నరసాపురం. పక్కనున్న మాధవాయిపాలెంలో డచ్చివాళ్ళూ ఇంగ్లీషువాళ్ళూ తమ ఓడలకు మరమ్మతులు చేయించుకునేవారు, కొత్తవి కట్టించుకునేవారు. గోదావరి అడవుల టేకు, స్థానిక వడ్రంగుల చేతి పని, కమ్మరుల ఇనుము, తాళ్ళు పేనేవాళ్ళు, తెరచాప గుడ్డ నేసేవాళ్ళు, అందరూ ఒకే చుట్టుపక్కల దొరికేవారు. 19వ శతాబ్దంలో ఆ పేరు కోరంగికి వచ్చింది. 1839 తుపాను కోరంగిని తుడిచిపెట్టింది. 1864 నవంబరు తుపాను బందరులో దాదాపు 30,000 మందిని పొట్టన పెట్టుకుంది. అయితే మన ఓడల పనిని అసలు దెబ్బతీసింది ఇనుప ఓడ, ఆవిరి యంత్రం, వాటి వెనక నిలబడ్డ ప్రభుత్వం. బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీకి టపా కాంట్రాక్టులు ప్రభుత్వమే ఇచ్చేది. కాకినాడ నుంచి, విశాఖపట్నం నుంచి రంగూనుకు కూలికి పోయిన వేలాది తెలుగువాళ్ళు ఎక్కింది ఆ కంపెనీ ఓడలే.

దానికి పోటీగా నిలబడడం ఎంత కష్టమో 1906లో వి.ఓ. చిదంబరం పిళ్ళై తూత్తుకుడిలో పెట్టిన స్వదేశీ స్టీమ్ నావిగేషన్ కంపెనీ చరిత్ర చెబుతుంది. తెల్ల కంపెనీ టికెట్ ధరను నేలకు దించింది. ప్రభుత్వం చిదంబరం పిళ్ళైని 1908లో జైల్లో పెట్టింది. 1911కల్లా కంపెనీ మూతపడింది. 1919 ఏప్రిల్ 5న సింధియా కంపెనీ ఓడ లాయల్టీ ముంబయి నుంచి లండనుకు బయలుదేరింది. జాతీయ నౌకాయాన దినోత్సవం ఆ తేదీనే జరుపుకుంటున్నాం. కానీ వాల్‌చంద్ హీరాచంద్, నరోత్తమ్ మొరార్జీలు పెట్టిన ఆ కంపెనీ కూడా 1923లో బ్రిటిష్ కంపెనీతో పదేళ్ళ ఒప్పందానికి తలవంచి, ఓడల సంఖ్యకు హద్దు పెట్టుకోవాల్సి వచ్చింది. తీర వ్యాపారం దేశీయ ఓడలకే దక్కాలంటూ 1928లో కేంద్ర శాసనసభలో ఎస్.ఎన్. హాజీ పెట్టిన బిల్లు చట్టం కాలేదు. అంటే మనవాళ్ళకు తెలివీ ఉంది, పెట్టుబడీ కొంత ఉంది. ప్రభుత్వం మాత్రం అవతలి పక్షాన ఉంది.

1941 జూన్ 21న విశాఖపట్నంలో సింధియా ఓడల యార్డుకు బాబూ రాజేంద్రప్రసాద్ శంకుస్థాపన చేశారు. 1948 మార్చి 14న జవహర్‌లాల్ నెహ్రూ అక్కడ జల ఉషను నీళ్ళలోకి దించారు. స్వతంత్ర భారతంలో మన తెలుగు గడ్డ మీద తయారైన తొలి పెద్ద ఓడ అది. ఈ సమీక్షకు సంతోషం కన్నా ఖర్చు ముఖ్యం. విశాఖలో ఓడ కట్టడానికయ్యే ఖర్చు ఇంగ్లాండు యార్డు ధర కన్నా ఎక్కువ. ఆ తేడాను ప్రభుత్వం భరించింది. 1952లో మూడింట రెండు వంతుల వాటా తీసుకుని హిందూస్థాన్ షిప్‌యార్డ్ అని పేరు పెట్టింది. ఆ తేడాను భరించి ఉండకపోతే తెలుగు దేశంలో ఓడల యార్డు అన్నదే మిగిలేది కాదు. సబ్సిడీ మాట ఎత్తితే ముఖం చిట్లించేవాళ్ళు దీన్ని గుర్తు పెట్టుకోవాలి.

డీజీ షిప్పింగ్ కార్యాలయం 1949 సెప్టెంబరులో మొదలైంది. దానికి ముందు, 1947లో, సి.పి. రామస్వామి అయ్యర్ అధ్యక్షతన కూర్చున్న ఉపసంఘం లక్ష్యాలు పెట్టింది. తీర వ్యాపారం నూటికి నూరు పాళ్ళు, బర్మా, సింహళం వంటి పొరుగు దేశాలతో వ్యాపారంలో 75 శాతం, దూర దేశాలతో వ్యాపారంలో సగం మన ఓడలకు దక్కాలన్నది. ఐదేళ్ళలోనో ఏడేళ్ళలోనో 20 లక్షల టన్నుల ఓడలు కావాలన్నది. తీరం సంగతి త్వరగానే తేలింది. 1950ల మొదట్లోనే తీర వ్యాపారం దేశీయ ఓడలకు కేటాయించారు. 1958 మర్చంట్ షిప్పింగ్ చట్టం దానికి చట్టబద్ధత తెచ్చింది. మన ఓడ దొరకనప్పుడే, డీజీ లైసెన్సు ఇస్తేనే విదేశీ ఓడ మన రేవుల మధ్య సరుకు మోయాలని అది చెప్పింది. అదే చట్టం కింద షిప్పింగ్ డెవలప్‌మెంట్ ఫండ్ ఏర్పడి ఓడలు కొనడానికి తక్కువ వడ్డీకి అప్పులిచ్చింది. 1961 అక్టోబరు 2న ఈస్టర్న్, వెస్టర్న్ షిప్పింగ్ కార్పొరేషన్లు కలిసి షిప్పింగ్ కార్పొరేషన్ ఆఫ్ ఇండియా అయ్యాయి. ప్రభుత్వం కొనే ఎరువులు, ధాన్యం, నూనె మన ఓడలకే ముందుగా ఇవ్వాలన్న ఏర్పాటూ వచ్చింది.

మూడూ కలిసిన కాలం అది. 1987-88 నాటికి మన విదేశీ సముద్ర వ్యాపారంలో మన ఓడలు మోసింది 40.7 శాతం.

ఆ తరవాత పడిపోవడం మొదలైంది. 1980లలో ప్రపంచమంతటా ఓడల కిరాయి కుప్పకూలింది. ఫండు అప్పులు మొండి బాకీలయ్యాయి. కొన్ని అప్పులు ఇచ్చిన పద్ధతే తప్పని అప్పట్లోనే విమర్శలు వచ్చాయి. తప్పుగా ఇచ్చినవాళ్ళను మార్చడానికి బదులు ఫండునే ఎత్తేశారు. దాని స్థానంలో వచ్చిన ఎస్‌సీఐసీఐ అనే పెట్టుబడి సంస్థ ఇతర పరిశ్రమల వైపు మళ్ళి, 1990లలో ఐసీఐసీఐలో కలిసిపోయింది. ఓడ కోసమే అప్పిచ్చే సంస్థ దేశంలో లేకుండా పోయింది. విదేశాల్లో ఓడ యజమానికి తక్కువ వడ్డీకి, పన్నెండూ పదిహేనేళ్ళ గడువుకు అప్పు పుడుతుంటే, మనవాళ్ళు ఎక్కువ వడ్డీకి తక్కువ గడువు అప్పుతో బతకాల్సి వచ్చింది. ఓడ కొంటే జీఎస్టీ, నావికుల జీతాల మీద ఆదాయపు పన్ను, డీజిల్ మీద పన్ను. 2004లో ఓడ టన్నుల లెక్కన పన్ను కట్టే పద్ధతి వచ్చి కొంత ఊరట కలిగింది. మిగతా బరువు తగ్గలేదు. మన వ్యాపారం పెరిగిన వేగానికి మన ఓడలు పెరగలేదు. 2018-19 నాటికి మన వాటా 7.8 శాతానికి దిగింది. విదేశీ ఓడలకు ఏటా చెల్లించే కిరాయి దాదాపు 75 బిలియన్ డాలర్లు, అంటే సుమారు 6 లక్షల కోట్ల రూపాయలు అని 2025 సెప్టెంబరులో భావ్‌నగర్ సభలో ప్రధానమంత్రే చెప్పారు.

దీని మీద రెండు వాదాలున్నాయి. ఎవరి ఓడైతేనేం, కిరాయి తక్కువైతే చాలు, రైతుకు లాభమే కదా అన్నది మొదటిది. 2018 మేలో ఎగుమతి దిగుమతి కంటైనర్లను మన రేవుల మధ్య విదేశీ ఓడలు లైసెన్సు లేకుండా మోయవచ్చని డీజీ షిప్పింగ్ సడలింపు ఇచ్చినప్పుడు ఇదే వాదం గెలిచింది. మామూలు రోజుల్లో ఈ వాదం సరైనదే. కాని మామూలు రోజులు ఎప్పుడూ ఉండవు. 2021లో ప్రపంచమంతా కంటైనర్లు కరువైనప్పుడు, 2023 చివర ఎర్ర సముద్రంలో దాడులు మొదలై ఓడలు ఆఫ్రికా కొసను చుట్టి రావాల్సి వచ్చినప్పుడు, కిరాయి పెరిగిన ప్రతిసారీ దాని బరువు ఎగుమతిదారు దగ్గర ఆగలేదు. కొనుగోలు ధరలో దిగింది. చెరువు గట్టు మీద నిలబడ్డ రైతుకు ఆ కోత కౌంట్ ధరగానే, అంటే కిలోకు ఎన్ని రొయ్యలన్న లెక్కన ఇచ్చే ధరగానే తెలుస్తుంది. ఎర్ర సముద్రం పేరు అతనికి ఎవరూ చెప్పరు.

మన జెండా ఓడ ఉంటే ఆ కోత పూర్తిగా తప్పేదా? తప్పేది కాదు. ప్రపంచ మార్కెట్టు పెరిగితే మన ఓడా పెంచుతుంది. అయినా కంటైనర్ దొరక్క సరుకు కోల్డ్ స్టోరేజీలో మురిగే రోజున, ప్రభుత్వం ఒక మాట చెబితే వినే ఓడలు కొన్నైనా ఉండడం వేరు, ఒక్కటీ లేకపోవడం వేరు. దేశానికి సొంత ఓడలు ఉండి తీరాలన్నది రెండో వాదం, అందులో నాకు నచ్చేది ఈ భాగమే. 2016లో కొరియా హంజిన్ కంపెనీ దివాలా తీసి దాని ఓడలు సరుకుతో సహా సముద్రం మీదే నిలిచిపోయాక, ఆ దేశం 2018లో ఓడలకు పూచీపడే ప్రత్యేక సంస్థ పెట్టింది. మిగిలిన పెద్ద కంపెనీ హెచ్ఎంఎంకు ప్రపంచంలోనే అతి పెద్ద కంటైనర్ ఓడలు కొనిపించింది. అమెరికా అనుభవం మరో రకం. 1950లో పుట్టిన అక్కడి మారిటైమ్ అడ్మినిస్ట్రేషన్ పని ప్రోత్సాహం. ఓడల భద్రత చూసేది కోస్ట్ గార్డ్. యుద్ధకాలంలో పనికొస్తాయని 60 ఓడలకు మారిటైమ్ అడ్మినిస్ట్రేషన్ ఏటా భృతి ఇస్తుంది. తీర వ్యాపారానికి 1920 జోన్స్ చట్టం కాపలా ఉంది. ఇంత చేసినా ఆ దేశపు విదేశీ వ్యాపారంలో సొంత ఓడల వాటా స్వల్పమే. వ్యాపారం పెంచడం దాని ఉద్దేశం కాదు, అవసరానికి ఓడలూ నావికులూ చేతిలో ఉంచుకోవడం దాని ఉద్దేశం. ఆ మేరకు అది నెరవేరింది. మనం ఏది కోరుకుంటున్నామో ఇంతవరకూ స్పష్టంగా చెప్పుకోలేదు.

డీజీ షిప్పింగ్ ఇబ్బంది కూడా ఇక్కడే ఉంది. అది ఓడను తనిఖీ చేయాలి, అధికారులకు పరీక్షలు పెట్టాలి, లైసెన్సులు ఇవ్వాలి, రద్దు చేయాలి, పరిశ్రమను పెంచాలి. కాపలా, పెంపకం రెండూ ఒకే కార్యాలయం మీద పడ్డాయి. మొదటిది చట్టం ప్రకారం తప్పనిసరి. రెండోది చేతిలో డబ్బుంటేనే సాధ్యం. డబ్బు పోయాక మొదటిదే మిగిలింది.

ఆ మొదటి పనిలో దాని విలువను తక్కువ చేయను. మన జిల్లాల కుర్రాళ్ళకు అది నిజంగా అవసరం. ప్రపంచ నావికుల్లో భారతీయులు ముందు వరుసలో ఉన్నారు. మన దేశంలో రెండున్నర లక్షలకు పైబడి నావికులున్నారు. శ్రీకాకుళం నుంచి గోదావరి జిల్లాల దాకా ఇంటర్, డిప్లొమా చదివిన కుర్రాళ్ళు ఓడ ఉద్యోగం అంటే ఆశపడతారు. విశాఖపట్నంలో ఇండియన్ మారిటైమ్ యూనివర్సిటీ క్యాంపస్ ఉంది. దాంతోపాటే, లక్షలు తీసుకుని నకిలీ నియామక పత్రాలు చేతిలో పెట్టే ఏజెంట్లూ ఉన్నారు. ఇలా మోసపోయి, ఎక్కడో పరాయి రేవులో జీతం లేని ఓడ మీద చిక్కుకున్న మన పిల్లల కథలు ఏటా వస్తూనే ఉన్నాయి. సిబ్బందిని పంపే ప్రతి సంస్థకూ డీజీ షిప్పింగ్ ఇచ్చే ఆర్‌పీఎస్ఎల్ లైసెన్సు ఉండాలి. నావికుడికి ఇండోస్ అనే గుర్తింపు నంబరు, సీడీసీ అనే నావికుల గుర్తింపు పుస్తకం ఉండాలి. లైసెన్సు ఉన్న సంస్థల జాబితా ఆ కార్యాలయమే ప్రకటిస్తుంది. ఇంటి స్థలం అమ్మి పిల్లాణ్ణి పంపే ముందు ఆ జాబితాలో ఏజెంటు పేరు చూడమని ప్రతి జూనియర్ కాలేజీలో చెప్పాలి. ఆ సమాచారం తెలుగులో, మండల కేంద్రం దాకా రావడం లేదన్నది నా ఫిర్యాదు.

ఇక కాలువ. దీని గురించి కాస్త ఎక్కువ చెప్పాలి, ఎందుకంటే ఇది మన ఇంటి ముందు సంగతి.

ఆర్థర్ కాటన్ 1847లో మొదలుపెట్టి 1852కల్లా ధవళేశ్వరం ఆనకట్ట పూర్తి చేశాడు. 1855కి బెజవాడ ఆనకట్ట వచ్చింది. కృష్ణ నుంచి ఒకటి, గోదావరి కుడిగట్టున విజ్జేశ్వరం నుంచి ఒకటి, రెండు కాలువలు వచ్చి ఏలూరులో కలిశాయి. సాగుకూ రవాణాకూ కలిపే వాటిని కట్టారు. నీటి మట్టం మారే ప్రతిచోటా లాకులు పెట్టారు. పడవ లాకుల గదిలోకి వస్తే వెనక తలుపు మూస్తారు, ముందు నుంచి నీళ్ళు వదిలితే పడవ పైకి లేస్తుంది, ముందు తలుపు తెరిస్తే వెళ్ళిపోతుంది. గాలి ఉంటే తెరచాప. లేకపోతే గట్టు మీద నడుస్తూ కళాసీలు తాడుతో లాగేవారు. ధాన్యం, బెల్లం, పొగాకు, కలప, ఉప్పు, పెళ్ళివారు, చుట్టాలు, అందరూ ఆ దారినే. భారతదేశానికి రైలు కన్నా కాలువలే చవక అని కాటన్ ఇంగ్లాండులో పార్లమెంటరీ కమిటీ ముందు కూడా వాదించాడు. ఆ వాదం ఓడిపోయింది. 1890లలో బెజవాడ నుంచి తూర్పు తీరం రైలు వచ్చింది. ఆ తరవాత లారీ వచ్చింది. కొన్ని దశాబ్దాల పాటు పడవలు రైలుకూ లారీకీ పక్కనే నడిచి, చివరికి ఆగిపోయాయి.

పడవ ఆగిపోవడానికి లారీ ఒక్కటే కారణం అనుకోవడం పొరపాటు. కాలువ మారిపోయింది. దాళ్వా సాగు పెరిగి, శివారు ఆయకట్టు దాకా నీరు చేరడమే ఇరిగేషన్ శాఖకు మొదటి చింత అయింది. వేసవిలో మరమ్మతులకు కాలువ కట్టేస్తారు. ఆ వారాల్లో పడవ ఎక్కడ నిలబడుతుంది? వంతెనలు తక్కువ ఎత్తులో వచ్చాయి. లాకుల తలుపులు తుప్పు పట్టాయి. విజయవాడలో, ఏలూరులో ఊరి మురుగు వచ్చి కలుస్తోంది. గన్నవరం విమానాశ్రయం రన్‌వే కోసం కాలువను మళ్ళించే ప్రతిపాదన కూడా వచ్చింది. ఇదంతా జరుగుతుండగా 2008లో జాతీయ జలమార్గం అని ప్రకటించారు. 2016 చట్టం దేశంలో 111 జలమార్గాలను ప్రకటించి, మన నాలుగోదాన్ని 2,890 కిలోమీటర్లకు పెంచింది.

జలమార్గాల అథారిటీ పుట్టింది 1986 అక్టోబరులో. దాని చేతిలో పడవ దారి ఉంది. నీరు లేదు, గట్టు లేదు, లాకు లేదు, వంతెన లేదు. అవన్నీ రాష్ట్ర శాఖలవి. కాలువ అడుగు లోతు చేస్తే నీటి మట్టం దిగి తూముల్లోకి నీరెక్కదేమో అని రైతు భయపడతాడు. ఆ భయం న్యాయమైనదే. వెడల్పు చేయాలంటే గట్ల వెంట భూమి కావాలి. పెదపాడు, దెందులూరు వైపు ఇవాళ ఆ భూమి ధర చెప్పనక్కరలేదు. దక్షిణాన చెన్నైలో బకింగ్‌హామ్ కాలువ పొడవునా ఎంఆర్‌టీఎస్ రైలు స్తంభాలే దిగాయి. ఇన్ని అడ్డాలున్న చోట అథారిటీ ముందుగా నది వైపు వెళ్ళింది. 2017 అక్టోబరు 3న విజయవాడలో ఉపరాష్ట్రపతి వెంకయ్యనాయుడు ముక్త్యాల నుంచి విజయవాడ వరకు 82 కిలోమీటర్ల తొలి దశకు శంకుస్థాపన చేశారు. ముక్త్యాల, ఇబ్రహీంపట్నం, హరిశ్చంద్రపురం వంటి చోట్ల సరుకు దించే ఏర్పాట్లు అనుకున్నారు. అమరావతి కట్టడానికి ఇసుక, కంకర, సిమెంటు ఆ దారినే వస్తాయని ఆశ. రాజధాని పని ఆగినప్పుడు ఆ సరుకు కూడా ఆగింది. సరుకు లేని దారి ఎలా ఉంటుందో అక్కడ చూశాం. ఏలూరు కాలువ తరవాతి దశల జాబితాలోనే ఉంది.

దేశం మొత్తం మీద జలమార్గాల లెక్క ఘనంగా కనిపిస్తుంది. 2013-14లో 1.8 కోట్ల టన్నులున్న సరుకు 2024-25లో 14.5 కోట్ల టన్నులు దాటింది. అందులో ఎక్కువ భాగం గంగ మీద, గుజరాత్, మహారాష్ట్ర, గోవాల తీర నదుల మీద. 2024 డిసెంబరులో వచ్చిన జలవాహక్ పథకం నీటి మీద సరుకు పంపినవాళ్ళకు నడిపే ఖర్చులో 35 శాతం దాకా తిరిగి ఇస్తుంది. అది గంగ, బ్రహ్మపుత్ర, బరాక్ మార్గాలకే. నాలుగో జలమార్గానికి లేదు. మన పార్లమెంటు సభ్యులు అడగాల్సిన ప్రశ్నల్లో ఇది మొదటిది. 2025 బడ్జెట్ ఓడల టన్ను పన్ను పద్ధతిని నదీ పడవలకూ ఇచ్చింది. మంచి పనే, కానీ నడిచే పడవ ఉంటేనే పన్ను మాట.

నీటి మీద రవాణా చవక అనడానికి అథారిటీ తరచూ చెప్పే లెక్క ఒకటుంది. ఒక హార్స్ పవర్ రోడ్డు మీద 150 కిలోలు, రైలు మీద 500 కిలోలు, నీటి మీద 4,000 కిలోలు లాగుతుంది. లెక్క నిజమే. కాని తాడేపల్లిగూడెం మిల్లు నుంచి బియ్యం లారీలో కాలువ దాకా, కాలువ నుంచి మళ్ళీ లారీలో గోడౌను దాకా వెళితే, రెండుసార్లు ఎత్తి దించిన కూలీ ఆ ఆదా మొత్తాన్ని తినేస్తుంది. తక్కువ దూరానికి, విడివిడి చిన్న సరుకుకు నీరు గిట్టదు. పెద్దమొత్తంలో, తొందర లేని సరుకుకు గిట్టుతుంది: ముక్త్యాల, జగ్గయ్యపేట సిమెంటు డెల్టాకు రావడం, తిరుగు పడవలో ధాన్యం, తవుడు, చేపల మేత పోవడం. చేప, రొయ్య ఎప్పటికీ కాలువ ఎక్కవు, వాటికి గంటలు ముఖ్యం. కొల్లేటిని కూడా ఈ ఊహల్లోకి లాగకూడదు. ఐదో కాంటూరు దాకా అది 1999 నుంచి అభయారణ్యం, 2002 నుంచి రామ్‌సర్ చిత్తడి నేల. ఇంజను పడవలకు దారి అంటూ అక్కడ తవ్వకాలు మొదలైతే 2006లో చెరువు గట్లు కొట్టించి కాపాడిన నీటిని మళ్ళీ పోగొట్టుకుంటాం.

భద్రత సంగతి ఒక్క మాటలో చెప్పాలి. 2019 సెప్టెంబరు 15న కచ్చులూరు దగ్గర గోదావరిలో బోటు మునిగి దాదాపు 50 మంది చనిపోయారు. అప్పటిదాకా నదిలో బోటుకు అనుమతి ఎవరిది, ఆపే అధికారం ఎవరిది అన్నది శాఖల మధ్య చీలిపోయి ఉంది. ఆ తరవాత 2021లో 1917 నాటి చట్టం స్థానంలో కొత్త ఇన్‌లాండ్ వెసల్స్ చట్టం వచ్చింది. ఈ కాలువలో రేపు పడవ నడిచినా ముందుగా తేలాల్సింది ఆ ప్రశ్నే.

2025 ఈ మొత్తం కథలో పెద్ద సంవత్సరం. పాత మర్చంట్ షిప్పింగ్ చట్టం స్థానంలో కొత్తది, తీర నౌకాయానానికి విడిగా ఒక చట్టం, రేవులకు మరొకటి పార్లమెంటు ఆమోదించింది. సెప్టెంబరు 24న కేంద్ర మంత్రివర్గం 69,725 కోట్ల రూపాయల ప్యాకేజీ ఒప్పుకుంది. అందులో 25,000 కోట్లు మారిటైమ్ డెవలప్‌మెంట్ ఫండ్, 24,736 కోట్లు ఓడ కట్టే యార్డులకు సాయం, ఆ సాయం 2036 మార్చి దాకా. పెద్ద ఓడలకు మౌలిక వసతుల హోదా ఇచ్చి బ్యాంకు అప్పుకు దారి చేశారు. అంటే దాదాపు నలభై ఏళ్ళ క్రితం ఎత్తేసిన ఫండు మరో పేరుతో తిరిగి వచ్చింది. అప్పటి మొండి బాకీలు ఎందుకు వచ్చాయో ఈసారి మొదటే చదువుకోవాలి. ఎవరికి ఎంత అప్పు, ఏ ఓడకు, వాయిదా కట్టారా లేదా అన్నది ఏటా ప్రకటిస్తే చాలా భాగం జబ్బు రాదు. విశాఖ యార్డు 2010 నుంచి రక్షణ శాఖ కింద ఉంది. నౌకాదళం పనితో పాటు వ్యాపార ఓడలు కట్టే పనీ ఈ డబ్బుతో దానికి తిరిగి రావాలి. 2023 మే 22న తపసిపూడిలో పని మొదలైన మచిలీపట్నం రేవు పూర్తయితే కొల్లేటి వైపు ఎగుమతికి అదే దగ్గరి రేవు. ఆ రేవులో రీఫర్ ప్లగ్గులు ఎన్ని పెడుతున్నారన్నది మన రైతు సంఘాలు ఇప్పుడే అడగాలి, కట్టాక కాదు.

ఏలూరు కాలువ విషయంలో అడగాల్సింది వేరు. పూర్తి జలమార్గం రేపే కావాలని అడగడం అబద్ధపు ఆశ. తీర నౌకాయాన చట్టం అమలులోకి వచ్చిన రెండేళ్ళలో తీరానికీ అంతర్దేశీయ జలమార్గాలకూ కలిపి జాతీయ వ్యూహ ప్రణాళిక తయారు చేయాలని ఆ చట్టమే అంటోంది. ఆ ప్రణాళికలో ఈ 139 కిలోమీటర్ల మీద దాచకుండా ఒక అధ్యాయం రాయాలి. ఏ నెలలో ఎక్కడ ఎంత లోతు, కాలువ ఎన్ని వారాలు కట్టేస్తారు, ఏ వంతెన ఎంత ఎత్తు, ఏ లాకు పనిచేస్తుంది, ఏ మిల్లుకు ఏటా ఎన్ని టన్నుల సరుకుంది, ఇవన్నీ అథారిటీ, రాష్ట్ర ఇరిగేషన్ శాఖ కలిసి కొలిచి తెలుగులో ప్రకటించాలి. గిట్టదని తేలితే ఆ మాటే చెప్పి, జాతీయ జలమార్గం పేరును ఆ భాగం నుంచి తీసేయాలి. గిట్టే ముక్క ఉందని తేలితే ఆ ముక్కకే జలవాహక్ సాయం ఇవ్వాలి.

కొలిచేలోగా చేయగల పని మరొకటుంది, దానికి కొత్త డబ్బు అక్కరలేదు. జాతీయ జలమార్గం మీద వంతెన కట్టాలంటే అథారిటీ అభ్యంతరం లేదని చెప్పాలి, పడవ కిందుగా పోవడానికి తగిన ఎత్తు ఉందని చూడాలి. ఏలూరు నుంచి విజయవాడ దాకా రోడ్డు వెడల్పులూ బైపాస్‌లూ వస్తూనే ఉన్నాయి. కొత్తగా కట్టే ప్రతి వంతెన దగ్గరా ఆ అనుమతి తీసుకున్నారా, ఎంత ఎత్తుకు తీసుకున్నారు అని సమాచార హక్కు కింద అడగవచ్చు. పెదపాడు మండలంలో కాలువ దాటే కొత్త వంతెనలతో ఆ పని మొదలుపెట్టవచ్చు.